ఉద్యోగం మానేసి గుంటూరులో స్టూడియో, మ్యూజిక్ లేబుల్ పెట్టొచ్చా? పాటలు రాస్తూ రాస్తూ వ్యాపారంలో పడ్డవాడి సమాధానం

ప్రశ్న పెద్దది కాబట్టి నాకు అర్థమైంది ముందు చెప్తాను. మీరు గుంటూరులో ఒక కోల్డ్ స్టోరేజీలో అకౌంట్స్ చూస్తున్నారు, వయసు 27. సాయంత్రాలు పాటలు రాసుకుని, లాప్‌టాప్‌లో మీరే మ్యూజిక్ చేసుకుంటారు. మూడు పాటలు వదిలితే అందులో ఒకటి యూట్యూబ్‌లో 4 లక్షల వ్యూస్ దాటింది, దాని ట్యూన్ మీరూ మీ ఫ్రెండూ కలిసి కట్టారు, పాడింది ఒక అమ్మాయి. ఇప్పుడు ఉద్యోగం మానేసి, 12 లక్షలు లోన్ తీసుకుని, బ్రాడీపేటలో ఒక పోర్షన్ అద్దెకి తీసుకుని స్టూడియో, దాంతోపాటు సొంత లేబుల్, అంటే పాటల హక్కులు పెట్టుకుని విడుదల చేసే సంస్థ, పెట్టేద్దామని ఉంది. "అమెరికాలో ర్యాపర్ డాక్టర్ డ్రే పాటలు చేసుకుంటూనే హెడ్‌ఫోన్ల కంపెనీ పెట్టలేదా, మోటౌన్ అనే మ్యూజిక్ లేబుల్ పెట్టిన బెర్రీ గోర్డీ అప్పుతో మొదలుపెట్టలేదా" అని అడిగారు.

సూటిగా చెప్తున్నా: ఉద్యోగం మానొద్దు, లోన్ వద్దు, స్టూడియో ఇప్పట్లో వద్దు. లేబుల్ మాత్రం ఈ నెలలోనే పెట్టండి. దానికి గది అక్కర్లేదు, కాగితాలు కావాలి.

నేను విజయవాడలో 2003 నుంచి ఈ పనిలోనే ఉన్నాను. మొదట ఆర్కెస్ట్రాలో కీబోర్డు వాయించేవాణ్ణి, శ్రీరామనవమి పందిళ్ళు, పెళ్ళిళ్ళు, ఎవరు పిలిస్తే అక్కడికి. తర్వాత ప్రైవేట్ ఆల్బమ్స్‌కి పాటలు రాయడం, బాణీలు కట్టడం, ఆ తర్వాత నా డబ్బుతోనే రికార్డింగులు చేయించి ఆల్బమ్స్ తీయడం. ఇప్పుడు ఒక చిన్న స్టూడియో ఉంది, నాతో కలిపి ఆరుగురం, ఆదాయంలో పాటల మీద వచ్చేది మూడో వంతు కూడా ఉండదు. మిగతాది ఎక్కణ్ణుంచి వస్తుందో కింద చెప్తాను, నవ్వొద్దు.

మీరు చెప్పిన పేర్లతోనే మొదలుపెడదాం. ఇలాంటి కథలన్నీ మనం క్లైమాక్స్ నుంచి చూస్తాం, అదే గొడవ. డ్రే, మ్యూజిక్ ప్రొడ్యూసర్ జిమ్మీ అయోవిన్ కలిసి బీట్స్ అనే ఆ హెడ్‌ఫోన్ల కంపెనీ పెట్టింది 2006లో, ఆపిల్ దాన్ని 300 కోట్ల డాలర్లకి కొన్నది 2014లో. బాగానే ఉంది. కానీ 2006 నాటికే డ్రే ఫీల్డులోకి వచ్చి ఇరవై ఏళ్ళు, సొంత లేబుల్ పెట్టి పదేళ్ళు. హెడ్‌ఫోన్ల మీద ఏ పేరు చూసి జనం కొన్నారో ఆ పేరు అప్పటికే తయారై ఉంది. ఆయన హెడ్‌ఫోన్లు అమ్మాడు కదా అని మనం స్టూడియో పెట్టడానికి అసలు పోలికే లేదు.

గోర్డీ కథ మనకి దగ్గర. డెట్రాయిట్‌లో ఆయన ముందు జాజ్ రికార్డుల కొట్టు పెట్టాడు. వచ్చినవాళ్ళు బ్లూస్ అడుగుతుంటే ఈయన జాజ్ గొప్పదనం వివరించేవాడు, ఇంకేముంది, కొట్టు మూతపడింది. కార్ల ఫ్యాక్టరీలో లైన్ మీద పనిచేశాడు. వేరే వాళ్ళకి పాటలు రాశాడు, హిట్లు వచ్చాయి, డబ్బులు మాత్రం రాలేదు. ఒకసారి రాయల్టీ చెక్కు వస్తే అందులో 3 డాలర్ల 19 సెంట్లు ఉందట, అది చూసి ఆయన ఫ్రెండ్, సింగర్ స్మోకీ రాబిన్సన్ "నువ్వే సొంతంగా పెట్టుకో" అన్నాడని చెప్తారు. 1959లో ఇంట్లోవాళ్ళందరూ కలిసి వేసుకున్న పొదుపు డబ్బులోంచి 800 డాలర్లు అప్పు తీసుకుని మొదలుపెట్టాడు. మీకు అందులో "అప్పు" కనపడింది, నాకు "800" కనపడుతోంది. అదీ స్టూడియో కట్టడానికి కాదు, ఒక పాట రికార్డు చేయించడానికి. హిట్స్‌విల్ అని పేరు పెట్టి స్టూడియోగా మార్చుకున్న ఇల్లు ఆ తర్వాతే వచ్చింది.

ఆ కథలో నాకు నచ్చే భాగం చివర్లో ఉంది. 1988లో మోటౌన్ లేబుల్ మొత్తాన్ని 6.1 కోట్ల డాలర్లకి అమ్మేశాడు. పాటల హక్కులు పెట్టుకున్న పబ్లిషింగ్ కంపెనీని, జోబెట్ అని దాని పేరు, ఆ బేరంలో కలపలేదు. 1997లో దాంట్లో సగం వాటా మాత్రమే ఈఎంఐ అనే మ్యూజిక్ కంపెనీకి ఇచ్చాడు, 13.2 కోట్ల డాలర్లకి. మొత్తం లేబుల్‌కి వచ్చిన దానికి రెండింతలకి పైన, అదీ సగానికే. ఈ రెండు అంకెలు నాకు 2010లో తెలిసి ఉంటే బాగుండేది.

2010లో నేను చేసిన పని చెప్తాను. ఎనిమిది అయ్యప్ప పాటలు, రాత నాది, బాణీలు నావి. మాలలు వేసుకునే సీజన్‌కి సీడీలు బయటికి రావాలి. గవర్నర్‌పేటలో ఒకాయన ఆఫీసులో కూర్చోబెట్టి, కాఫీ తెప్పించి, 100 రూపాయల స్టాంపు పేపరు ముందు పెట్టారు. మొత్తానికి 18 వేలు. సర్వహక్కులూ శాశ్వతంగా, ప్రపంచమంతటా, "ఇప్పుడున్న, ఇకముందు రాబోయే అన్ని మాధ్యమాల్లో" అని రాసి ఉంది. చదవకుండా సంతకం పెట్టానని అబద్ధం చెప్పను, చదివే పెట్టాను. రాబోయే మాధ్యమం అంటే సీడీ తర్వాత డీవీడీ ఏమో అనుకున్నా. ఇవాళ్టికీ నవంబరు వచ్చిందంటే ఏదో ఒక పడిపూజలో నా పాట వినపడుతుంది, పక్కనున్న స్వామికి "ఇది నేనే రాశానండీ" అంటే "సరే స్వామీ" అని కాస్త పక్కకి జరిగి కూర్చుంటాడు. ఆ పాటల మీద నాకు ఆ 18 వేల తర్వాత ఒక్క రూపాయి రాలేదు.

మరుసటి ఏడాది ఇంకొకాయనకి దుర్గమ్మ పాటలు ఆరు ఇచ్చాను. ఈయనకి స్టాంపు పేపరు పిచ్చి లేదు. లెటర్‌హెడ్ మీద "ఆరు పాటల సాహిత్యం, సంగీతం హక్కులు ఇచ్చాను, 12 వేలు ముట్టాయి" అని నాలుగు లైన్లు, కింద ఇద్దరి సంతకాలు, అంతే. ఎన్నాళ్ళకి అనేది ఎక్కడా లేదు. చాలాకాలం తర్వాత తెలిసిన లాయరుగారు ఆ కాగితం చూసి నవ్వారు. మన కాపీరైట్ చట్టం 19వ సెక్షన్ ప్రకారం హక్కుల బదిలీ రాతపూర్వకంగా, సంతకంతో ఉండాలి, అందులో కాలం రాయకపోతే ఐదేళ్ళే అని, ప్రాంతం రాయకపోతే ఇండియా వరకే అని లెక్క. అంటే ఐదేళ్ళు గడిచేసరికి సాహిత్యం, బాణీ నా దగ్గరికి తిరిగొచ్చేశాయి. ఆ పాత రికార్డింగ్ మాత్రం ఆయనదే, ఎందుకంటే దానికి డబ్బు పెట్టి చేయించింది ఆయన. అందుకని 2017లో నా ఖర్చుతో కొత్త గొంతుతో, కొత్త వాద్యాలతో మళ్ళీ రికార్డు చేయించాను. భవానీ దీక్షల టైములో నా ఛానెల్‌కి అన్నం పెడుతున్నవి ఆ ఆరు పాటలే. గొప్ప పాటలేం కావు, నిజానికి ఆ అయ్యప్ప పాటలే బాగుంటాయి.

లేబుల్ అంటే ఇదే బ్రదర్. లోగో, ఇంట్రో మ్యూజిక్, నల్ల టీషర్టులో ఫొటో, ఇవన్నీ తర్వాత. ఒక పాటలో మూడు వేరు వేరు ఆస్తులుంటాయి, సాహిత్యం ఒకటి, బాణీ ఒకటి, రికార్డింగ్ ఒకటి. రాసినవాడిది మొదటిది, కట్టినవాడిది రెండోది, డబ్బు పెట్టి బాధ్యత తీసుకుని చేయించినవాడిది మూడోది. పాడినవాళ్ళకి వాళ్ళ హక్కు వాళ్ళకి విడిగా ఉంటుంది. ఈ మూడింటిలో ఏది ఎవరి దగ్గరుందో చెప్పే ఫైలు మీ బీరువాలో ఉంటే మీకు లేబుల్ ఉన్నట్టు, లేకపోతే ఛానెల్ ఉన్నట్టు.

2012లో చట్టం మార్చారు, రచయితలకి, సంగీత దర్శకులకి అది పెద్ద మేలు. పాటని పూర్తిగా అమ్మేసినా రాయల్టీలో సమాన వాటా అడిగే హక్కుని వదులుకోవడం కుదరదు, వారసులకో కాపీరైట్ సొసైటీకో తప్ప ఇంకెవరికీ రాసివ్వలేరు. "రాయల్టీ కూడా మాకే" అని ఎవరైనా కాగితంలో రాసుకున్నా అది చెల్లదు. నా 18 వేల కాగితం అంతకుముందుది, దాని మీద కోర్టుకెళ్ళే ఓపిక నాకు లేదు. మీకు ఆ బాధ లేదు కాబట్టి ఐపీఆర్‌ఎస్ అనే కాపీరైట్ సొసైటీలో సభ్యత్వం తీసుకోండి. 1969 నుంచి ఉన్న సంస్థ, రచయితల, స్వరకర్తల తరఫున రేడియోలు, టీవీలు, స్ట్రీమింగ్ యాప్‌లు, ఈవెంట్ల దగ్గర వసూలు చేసి పంచుతుంది. సభ్యత్వం తీసుకుని ఊరుకోవడం కాదు, ప్రతి పాటా విడిగా నమోదు చేసి ఎవరికెంత శాతమో రాయాలి. మా వాళ్ళు చాలామంది సభ్యులు, పాటలు ఎక్కించినవాళ్ళు మాత్రం తక్కువ.

ఇప్పుడు స్టూడియో ఎందుకు వద్దంటున్నానో చెప్తా. మీ పాటల కోసం అయితే స్టూడియో అక్కర్లేదు, ఆ లాప్‌టాప్‌తో 4 లక్షల మందిని మెప్పించారు కదా. గొంతు రికార్డింగుకి గంటల లెక్కన అద్దెకిచ్చే గదులు విజయవాడలోనూ ఉన్నాయి, గుంటూరులోనూ ఉన్నాయి, ఏడాదికి ఆరు పాటలు చేసినా మీ లోన్ రెండు నెలల కిస్తీ అంత కూడా అవదు. బయటివాళ్ళ పనుల కోసం పెడతారంటారా, అప్పుడు మీరు పాటల మనిషి కాదు, గది అద్దెకిచ్చే మనిషి, కరెంటు బిల్లు మనిషి. ఆ వ్యాపారం చెడ్డదని కాదు, నేనూ అదే చేస్తున్నా. అది మీరు కలలో చూస్తున్న వ్యాపారం కాదు, అంతే.

గుమ్మంలోకి ఎవరు వస్తారో చెప్పనా? నేను స్టూడియో పెట్టినప్పుడు మంచి మెలొడీలు, కుర్రాళ్ళ పాప్ పాటలు చేయాలని. వచ్చినవాళ్ళు ఎవరంటే, సెప్టెంబరు నుంచి క్రిస్మస్ పాటలవాళ్ళు (మన గుంటూరు, కృష్ణా జిల్లాల్లో స్టూడియోలని బతికించేది నిజం చెప్పాలంటే వీళ్ళే, ఖర్చుకి వెనకాడరు, ఫ్లూట్ లైవ్‌లో కావాలంటారు, డబ్బు ముందే కడతారు), అక్టోబరులో అయ్యప్ప, ఆషాఢంలో బట్టల షాపుల డిస్కౌంట్ల ప్రకటనలు, వేసవిలో కాలేజీల అడ్మిషన్ల ప్రకటనలు. గోర్డీ జాజ్ కొట్టు గుర్తొస్తుందా? నేనూ రెండేళ్ళు జాజ్ గొప్పదనం చెప్పాను.

2020లో లాక్‌డౌన్. పెళ్ళిళ్ళు లేవు, పండగలు లేవు, మూడు నెలల అద్దె బాకీ. ఒకరోజు మా వీధిలో ఉల్లిపాయలు అమ్మే ఆటో అబ్బాయి గొంతు పోయి దగ్గుతున్నాడు, ఆ రోజుల్లో దగ్గితే ఎవరు కొంటారు? "లోపలికి రా" అని, మాస్కు పెట్టుకునే కూర్చుని, "అమ్మా, కర్నూలు ఉల్లిపాయలమ్మా, గట్టి ఉల్లిపాయలు, ఎండు ఉల్లిపాయలు, ఆటో మీ ఇంటి ముందుకే వచ్చిందమ్మా" అని నేనే చెప్పి, వెనక చిన్న డోలక్ బిట్ పెట్టి, పెన్‌డ్రైవ్‌లో వేసిచ్చాను. డబ్బులు అడగలేదు, రెండు కిలోలు ఇచ్చాడు. వారం తిరిగేసరికి కాళేశ్వరరావు మార్కెట్ వైపు నుంచి పదకొండు మంది వచ్చారు. టమాటా, అరటికాయలు, పాత ఇనుము, మిక్సీ రిపేర్లు, బొంతలు కుట్టేవాళ్ళు. పెన్‌డ్రైవ్‌తో కలిపి 400 తీసుకున్నా. రేటు మారితే మళ్ళీ రావాలి కదా, అందుకని రేటు చెప్పే ముక్క విడిగా రికార్డు చేసి, మార్చుకోవడానికి 50 రూపాయలు పెట్టాను. ఉల్లి రేటు ఎగిరిన వారం మాకు పండగ. తర్వాత వాళ్ళని చూసి షాపులు, ఆస్పత్రుల ఫోన్లలో "ఒకటి నొక్కండి" చెప్పే గొంతులు, గుడి కమిటీల అనౌన్స్‌మెంట్లు, స్కూలు బస్సుల మెసేజ్‌లు వచ్చాయి. నా స్టూడియోలో ముగ్గురికి జీతం ఈ పని మీదే వస్తుంది. పదిహేడేళ్ళు పాటలు రాస్తే రాని పేరు ఆ ఉల్లిపాయల గొంతుతో వచ్చింది, మా పక్కింటి పిల్లలు నన్ను చూస్తే "గట్టి ఉల్లిపాయలు" అంటారు.

ఎన్నికల పాటల గురించి మీరు అడగలేదు కానీ స్టూడియో పెడితే తప్పవు కాబట్టి ఒక ముక్క. 2024లో మే 13న పోలింగ్, జూన్ 4న లెక్కింపు. ఏప్రిల్ అంతా రాత్రి రెండింటి దాకా జనం. "అన్న పేరు పల్లవిలోనే నాలుగుసార్లు పడాలి, ఊరి పేరు రావాలి, తెల్లారి ప్రచార రథానికి పాట కావాలి" అంటారు. పాట కష్టం కాదు, డబ్బు కష్టం. సగం అడ్వాన్సు గొంతు రికార్డింగుకి ముందు, మిగతా సగం ఫైనల్ ఫైలు చేతికిచ్చే ముందు. వినడానికి పంపే కాపీలో ఇరవై సెకన్లకోసారి బీప్ పెట్టండి. నేను 2019లో ఒకాయనకి నమ్మి ఇచ్చాను. ఓడిపోయినవాడి దగ్గర పాట డబ్బులు అడగటం చావింటికెళ్ళి చీటీ బాకీ అడిగినట్టు ఉంటుంది, అడగలేకపోయాను.

యూట్యూబ్ లెక్కకి వద్దాం, మీ ధైర్యమంతా దాని మీదే ఉన్నట్టుంది. నా ఛానెల్‌లో తెలుగు భక్తి పాటలకి లక్ష వ్యూస్‌కి రెండు వేల నుంచి నాలుగు వేల దాకా చూశాను, షార్ట్స్‌లో అయితే ఇంకా చాలా తక్కువ. ప్రకటనల డబ్బులో మామూలు వీడియోకి 55 శాతం మనకిస్తారు, దానికీ ముందు 1000 మంది సబ్‌స్క్రైబర్లు, ఏడాదిలో 4000 గంటల వాచ్ టైమ్ ఉండాలి. స్పాటిఫైలో 2024 నుంచి ఒక పాటకి ఏడాదిలో 1000 సార్లు ప్లే అవకపోతే రికార్డింగ్ రాయల్టీ లెక్కే కట్టరు. మీ 4 లక్షల వ్యూస్‌ని నేను తక్కువ చేయట్లేదు, మొదటి ఏడాదిలో నాకు రాలేదు. కాకపోతే దాన్ని రూపాయల్లోకి మార్చి, 12 లక్షల లోన్ కిస్తీ పక్కన పెట్టి చూడండి, మీరు అకౌంట్స్ మనిషి, నేను చెప్పేదేముంది.

ఇంకో జాగ్రత్త. "ఫ్రీ బీట్" అని నెట్‌లో దొరికే రెడీమేడ్ మ్యూజిక్ ట్రాకుల మీద పాట కట్టొద్దు. తెనాలి కుర్రాడొకడు నా దగ్గర నేర్చుకున్నాడు, అలాంటి బీట్ మీద మంచి పాట చేశాడు. ఆర్నెల్ల తర్వాత ఆ బీట్‌ని ఎవరో డబ్బుతో కొనుక్కుని, అది తమదని క్లెయిమ్ వేశారు, అప్పట్నుంచి ఆ పాట డబ్బు వాళ్ళకే పోతోంది. అన్నమయ్య కీర్తనలు అందరివీ కదా అని కూడా అనుకోవద్దు, సాహిత్యం అందరిదే, మనం విని పెరిగిన బాణీల్లో చాలావాటిని ఈ కాలం విద్వాంసులు కట్టారు.

పన్నుల కాగితాలు ఇప్పటికి పెద్ద తలనొప్పి కాదు. చిన్న వ్యాపారాలకి ప్రభుత్వం చేసే ఉద్యం రిజిస్ట్రేషన్ ఉచితం, ఎవరైనా డబ్బులడిగితే ఇవ్వకండి. సర్వీసులకి ఏడాదికి 20 లక్షలు దాటేవరకు జీఎస్టీ తీసుకోనక్కర్లేదు. లేబుల్ పేరు మీద ఒక కరెంట్ అకౌంట్ తెరిచి పాటల డబ్బు అందులోనే పడనివ్వండి. ఎప్పుడో స్టూడియో పెట్టాలనుకుంటే అప్పుడు ముద్ర లోన్ గురించి మాట్లాడుకుందాం.

అప్పుడైనా కింది అంతస్తు వద్దు. 2024 సెప్టెంబరు 1న బుడమేరు పొంగినప్పుడు సింగ్‌నగర్‌లో నా పాత గది గ్రౌండ్ ఫ్లోర్‌లో ఉండేది. కీబోర్డులు పోతే పోయాయి, కొనుక్కున్నాం. పదేళ్ళ పాటల మల్టీట్రాక్ ఫైళ్ళున్న హార్డ్ డిస్కులు నాలుగు బురదలో దొరికాయి, మూడు మళ్ళీ తెరుచుకోలేదు. ఆ పాటల ఫైనల్ కాపీలు ఉన్నాయి, గొంతు విడిగా, తబలా విడిగా ఉన్నవి లేవు, కాబట్టి వాటిని మళ్ళీ మిక్స్ చేయలేను. మీ మూడు పాటల ఫైళ్ళు ఇవాళే ఇంకో రెండుచోట్ల దాచండి.

అన్నిటికంటే ముందు చేయాల్సింది మీ ఫ్రెండ్‌తో. ట్యూన్ ఇద్దరూ కట్టారన్నారు, కాగితం ఉందని ఎక్కడా అనలేదు. ఇద్దరూ బాగా ఉన్నప్పుడే ఇది అయిపోవాలి. ఒక తెల్ల కాగితం మీద పాట పేరు, తేదీ, సాహిత్యం ఎవరిది, ట్యూన్‌లో ఎవరికెంత శాతం, రికార్డింగ్ ఖర్చు ఎవరు పెట్టారు, వచ్చే డబ్బు ఎలా పంచుకుంటారు, ఇవి రాసి ఇద్దరూ సంతకాలు చేసి, తలా ఒక కాపీ పెట్టుకోండి. పాడిన అమ్మాయి దగ్గర కూడా ఒక సంతకం తీసుకోండి, ఆమెకి ఎంత ఇచ్చారో అందులో రాయండి. మొహమాటంగా ఉంటే నా పేరు చెప్పండి, "విజయవాడలో ఎవరో ఉల్లిపాయలాయన రాయించుకోమన్నాడు" అనండి. ఇక బ్రాడీపేట పోర్షన్‌కి అడ్వాన్సు ఇచ్చేసి ఉంటే, మిర్చి సీజన్ మొదలై మీకు ఊపిరాడని రోజులు రాకముందే వెళ్ళి వెనక్కి అడగండి.